కోర్గ్ క్రోనోస్‌లో వీణ శాంపిళ్లను అమర్చుకునే విధానం

కోర్గ్ సంస్థ 2011లో తెచ్చిన క్రోనోస్ వర్క్‌స్టేషన్ (శబ్దాలను రికార్డు చేసి, మలచి, వాయించగల కీబోర్డు) వేవ్, ఏఐఎఫ్ఎఫ్, సౌండ్‌ఫాంట్ 2.0 అనే ధ్వని ఫైళ్లను నేరుగా చదువుతుంది కనుక, వేదిక మీద కంప్యూటర్ అవసరం లేకుండానే మనకు కావలసిన వాద్యాన్ని అందులో పలికించుకోవచ్చు. అయితే ఆ పలుకు బాగుండాలంటే కీబోర్డు సెట్టింగుల కన్నా రికార్డింగులోనే ఎక్కువ జాగ్రత్త వహించాలి.

ముందుగా వీణను కీబోర్డు శ్రుతికి కలిపి, తాళం తీగలు మోగకుండా వాటికి మెత్తటి గుడ్డ అడ్డుపెట్టాలి. లేకపోతే శాంపిల్‌ను, అంటే రికార్డు చేసిన స్వరాన్ని, హెచ్చించో తగ్గించో పక్క కీలకు జరిపినప్పుడు స్వరంతోపాటు ఆ తీగల మోత కూడా జరిగి, ఆధార షడ్జమమే ఒక్కో కీకి ఒక్కో చోట వినిపిస్తుంది. స్వరాలను గమకం లేకుండా మీటాలి. ఎందుకంటే శాంపిల్‌ను ఒక స్థాయి పైకి జరిపితే దాని వేగం రెట్టింపవుతుంది, అందులో కంపితం ఉంటే అదీ రెట్టింపు వేగంతో ఊగుతుంది. గమకాన్ని వాయించేటప్పుడు జాయ్‌స్టిక్‌తో పలికించుకోవచ్చు. తీగ లాగి పలికించినదానికి అది సాటి రాదు గాని, వేగం మాత్రం వాయించేవారి చేతిలో ఉంటుంది.

మూడు మెట్లకొక స్వరం చొప్పున తీసుకుంటే మూడు స్థాయిలకు 12 శాంపిళ్లు చాలు. వీణ నాదం తనంతట తానే తగ్గిపోతుంది కనుక, లూప్ (ఒక ముక్కనే మళ్లీ మళ్లీ మోగించడం) పెట్టకుండా పూర్తిగా ఆగేవరకు రికార్డు చేయడమే మంచిది. 48 కిలోహెర్ట్జ్, 16 బిట్, మోనోలో సెకనుకు 96,000 బైట్లు అవుతాయి. ఒక్కొక్కటి ఆరు సెకన్లనుకుని, మెత్తగా ఒకసారి, గట్టిగా ఒకసారి మీటినా మొత్తం 14 ఎంబీ దాటదు. ప్రతి ఫైలులో మీటుకు ముందున్న నిశ్శబ్దాన్ని కత్తిరించాలి. అది పది మిల్లీసెకన్లున్నా ద్రుత కాలంలో చేతికి తెలుస్తుంది.

యూఎస్‌బీ డ్రైవు నుంచి ఫైళ్లను లోడ్ చేసి, శాంప్లింగ్ మోడ్‌లో ఒక మల్టీశాంపిల్ (కీల వెంట పరిచిన శాంపిళ్ల వరుస) తయారుచేసి, ప్రతి ఇండెక్స్‌కూ, అంటే అందులోని ఒక్కో శాంపిల్ స్థానానికీ, ఒరిజినల్ కీ (శాంపిల్ అసలు శ్రుతిలో పలికే కీ), టాప్ కీ (అది పలికే చివరి పై కీ) నిర్ణయించాలి. సి4 స్వరానికి ఒరిజినల్ కీ సి4 గానూ టాప్ కీ సి షార్ప్ 4 గానూ పెట్టి, దాని కిందిదైన ఏ3 స్వరాన్ని ఏ షార్ప్ 3 దగ్గర ఆపితే, ఏ శాంపిలూ అరస్వరానికి మించి జరగదు. గట్టి మీటుకు రెండో మల్టీశాంపిల్ చేసి, హెచ్‌డీ-1 (క్రోనోస్‌లో శాంపిళ్లను పలికించే ఇంజన్) ప్రోగ్రామ్‌లో రెండింటినీ వెలాసిటీని, అంటే కీని నొక్కే బలాన్ని, బట్టి మారేలా అమర్చాలి.

ప్రోగ్రామ్‌ను రాసుకున్నంత మాత్రాన శాంపిళ్లు భద్రపడవు. పీసీజీ ఫైలులో ప్రోగ్రాముల వంటి సెట్టింగులే ఉంటాయి, శాంపిళ్లు ఉండవు. శాంపిళ్లను కేఎస్‌సీ (శాంపిళ్ల జాబితా ఫైలు) రూపంలో లోపలి డ్రైవులో విడిగా సేవ్ చేయకపోతే, పవర్ ఆపగానే పోతాయి. కేఎస్‌సీ ఫైలు కేఎంపీ (మల్టీశాంపిల్) ఫైళ్లనూ, అవి కేఎస్‌ఎఫ్ (ఒక్కో శాంపిల్) ఫైళ్లనూ పేరుతోనే వెతుకుతాయి కనుక, తరువాత కంప్యూటర్‌లో వాటి పేర్లు మార్చకూడదు. చివరగా గ్లోబల్ మోడ్‌లోని కేఎస్‌సీ ఆటో-లోడ్ జాబితాలో ఈ ఫైలును చేర్చి, కీబోర్డును ఒకసారి ఆపి, మళ్లీ ఆన్ చేసి, ప్రోగ్రామ్ పలుకుతోందో లేదో కచేరీకి ముందే చూసుకోవాలి.