క్యారెక్టర్ ఆర్టిస్ట్ కెరీర్‌ని వెనక నుంచి చూడండి: లిలియాన్ రోవేర్‌తో మొదలుపెట్టే పద్ధతి

హన్మకొండలో షార్ట్ ఫిల్ములు తీసే పిల్లలకి హీరోల సినిమాలన్నీ వరసగా నోటికొస్తాయి. అదే అత్తగానో పక్కింటామెగానో పదుల సినిమాల్లో కనిపించిన ఆమె పేరు అడగండి, "గామెనే అన్నా, గా సినిమాల ఉంటది గదా" అంటారు. ఆ మాత్రం గుర్తుండే నటన నేర్చుకోవాలంటే ఒక్కరిని పట్టుకుని ఆమె కెరీర్ మొత్తం చూడాలి. తెలుగువాళ్లతో మొదలుపెడితే అభిమానం అడ్డొస్తుంది కాబట్టి, మనకి ఏ పరిచయమూ లేని ఫ్రెంచ్ నటి లిలియాన్ రోవేర్‌ని తీసుకోండి.

ఆమె 1933లో పారిస్‌లో పుట్టింది. అయితే అక్కడ నుంచి మొదలుపెట్టొద్దు, పాత సినిమాలు దొరక్క రెండో రోజే వదిలేస్తారు.

ముందు నెట్‌ఫ్లిక్స్‌లో ‘కాల్ మై ఏజెంట్’ పెట్టండి. ఫ్రాన్స్‌లో ఇది 2015 నుంచి 2020 దాకా నాలుగు సీజన్లు వచ్చింది, అసలు పేరు ‘దీ పూర్ సాఁ’, అంటే పది శాతం, ఏజెంట్ కమీషన్ అన్నమాట. పారిస్‌లో సినిమా స్టార్ల డేట్లు చూసే ఆఫీసు కథ. స్టార్లు స్టార్లుగానే వస్తారు, రోవేర్ మాత్రం ఆర్లెట్ అనే ముసలి ఏజెంట్. ఆమె కుక్క పేరు జాన్ గబాఁ, పాతకాలపు ఫ్రెంచ్ హీరో పేరే పెట్టేసింది. ఆడియో ఫ్రెంచ్‌లోనే ఉంచండి, సబ్‌టైటిల్స్ ఇంగ్లిష్‌లో పెట్టుకోండి. డబ్బింగ్ పెట్టారంటే ఆమె గొంతు పోతుంది, గొంతు పోయాక ఇక చూసేదేముంది? ఒకసారి కథ కోసం చూడండి. రెండోసారి అదే ఎపిసోడ్‌లో మిగతావాళ్లని వదిలేసి ఆమెనే చూడండి, ముఖ్యంగా డైలాగ్ పక్కవాళ్లది అయినప్పుడు: ఎప్పుడు తలెత్తుతోంది, ఎప్పుడు విననట్టు నటిస్తోంది, ఎవరి మాటకి కనుబొమ్మ కదిలింది. వీటిని నోట్‌బుక్‌లో రాసుకోండి, ఫోన్‌లో రాస్తే మళ్లీ చూడరు.

ఇదే సిరీస్‌ని 2021లో హిందీలో తీశారు, ఆర్లెట్ లాంటి పాత్రని సోనీ రజ్దాన్ చేసింది. రెండూ పక్కపక్కన పెట్టి చూస్తే పాత్రలో రాసింది ఎంత, మనిషి తెచ్చింది ఎంత అనేది తెలుస్తుంది. యాక్టింగ్ క్లాసుకి ఫీజు కట్టే ముందు ఈ పని చేయండి.

తర్వాత ‘ఫ్యామిలీ బిజినెస్’ సిరీస్, అందులో ఆమె నానమ్మ. దీన్ని గబగబా చూసేయొచ్చు.

అసలు మజా 2000లో వచ్చిన ‘హ్యారీ’ సినిమాలో ఉంది. దీనికి ఇంగ్లిష్‌లో వేరే పేరు ఉంది, అందుకే సినిమా పేరుతో వెతక్కుండా దర్శకుడు డొమినిక్ మోల్ పేరు, సంవత్సరం కలిపి వెతకండి. రోవేర్ ఇందులో హీరో తల్లి. కొడుకుని ఒక్క మాట అడగకుండా అమ్మానాన్నా అతని ఇంట్లో కళ్లు చెదిరే గులాబీ రంగు బాత్‌రూమ్ కట్టించి పెడతారు. ప్రేమతో ప్రాణం తీసే తల్లి ఎలా ఉంటుందో మనకి ఎవరూ చెప్పనక్కర్లేదు కదా. ఆమె అరవదు, ఏడవదు, అయినా మనకి ఊపిరాడదు.

చివరగా 1979 నాటి ‘బుఫే ఫ్రువా’, దర్శకుడు బెర్ట్రాఁ బ్లియే. అందులో జెరార్ డెపార్ద్యూ భార్య ఆమె, కనిపించేది కాసేపే, తొందరగానే చంపేస్తారు. అప్పటికి ఆమెకి 46 ఏళ్లు, ఆర్లెట్ దొరికేసరికి 82. మన జగిత్యాల జిల్లా లంబాడిపల్లి గంగవ్వకి కూడా పేరు పెద్ద వయసులోనే వచ్చింది, కానీ గంగవ్వ పొలం పనుల నుంచి నేరుగా కెమెరా ముందుకొచ్చింది, రోవేర్ మాత్రం అన్నేళ్లూ చిన్న వేషాల్లోనే ఉంది.

మధ్యలో తిండెలా అనే డౌట్ వస్తుంది. ఫ్రాన్స్‌లో నటులకీ టెక్నీషియన్లకీ ప్రత్యేక నిరుద్యోగ భృతి పద్ధతి ఉంది: 12 నెలల్లో 507 గంటల పని చూపిస్తే, పని లేని రోజులకి డబ్బులొస్తాయి. చిన్న వేషమైనా ఆ గంటల్లో కలుస్తుంది. మన దగ్గర ఒగ్గు కథ చెప్పేవాళ్లకి, చిందు యక్షగానం ఆడేవాళ్లకి సీజన్ అయిపోతే కూలి పనే గతి. ఫ్రెంచ్ సినిమాల్లో అన్ని ముసలి మొహాలు ఎలా కనిపిస్తాయని అడిగేవాళ్లకి ముందు ఈ లెక్క చెప్పండి.

రోవేర్ అయ్యాక ఇదే పద్ధతిలో తెలుగుకి రండి. నేనైతే నిర్మలమ్మతో మొదలుపెట్టమంటాను, అదీ చివరి సినిమాల నుంచే.