పాశ్చాత్య కళా సిద్ధాంతం చదవడం ఎలా: పర్లాకిమిడి, గుణుపురం, బరంపురం పాఠకులకు

పాశ్చాత్య సౌందర్యశాస్త్రం మొదలుపెట్టేవాళ్ళు ఎక్కువగా ప్లేటో దగ్గర కూర్చుని కాలక్రమంలో నోట్సు రాసుకుంటూ పోతారు. ప్లేటో అంటే అనుకరణ, అరిస్టాటిల్ అంటే కథార్సిస్ (భావాల ప్రక్షాళన), కాంట్ అంటే నిర్లిప్త ఆనందం, ఇలా పేరుకో మాట. ఆ నోట్సు పరీక్షకి పనికొస్తుంది గానీ, ఒక బొమ్మ ముందు నిలబడితే అందులోంచి ఒక్క వాక్యం కూడా కదలదు. ప్రతి సిద్ధాంతకర్త ఏదో ఒక వస్తువుని ఎదురుగా పెట్టుకుని, ఎవరితోనో గొడవపడుతూ రాశాడు. ఆ వస్తువేదో, ఆ గొడవేదో తెలియకుండా నిర్వచనం బట్టీ పట్టడం దండగ.

అందుకని ముందు ఒక రూళ్ళ పుస్తకంలో నాలుగు గడులు గీయండి: వాది ఎదుట ఉన్న వస్తువు, అతని ప్రశ్న, ఎవరి మీద వాదన, ఏది లెక్కలోకి రాలేదు. ఒక్కో రచనకి ఒక్కో పేజీ. నాలుగో గడి చదువుతున్నప్పుడు ఖాళీగా వదిలేయండి, దాని పని తర్వాత.

నింపడం ఎలాగో ప్లేటోతో చూద్దాం. 'రిపబ్లిక్' పదో పుస్తకంలో వస్తువు మంచం. దేవుడు చేసిన అసలు మంచం ఒకటి, దాన్ని చూసి వడ్రంగి చేసింది రెండోది, చిత్రకారుడు వేసింది మూడోది. చిత్రకారుడికి మంచం ఒక్క పక్క నుంచే కనిపిస్తుంది, అది చాలు అతనికి. ఇక్కడ ఆపేస్తే ప్లేటోకి బొమ్మలంటే పడదనిపిస్తుంది. మూడో గడి నింపబోతే అసలు సంగతి బయటపడుతుంది: గొడవ హోమర్‌తో. గ్రీకు పిల్లలకి ధైర్యం, యుద్ధం, దేవుళ్ళు అన్నీ నేర్పేది హోమర్ కావ్యమే, ఆ గురుపీఠం ఎవరిదన్నదే తగువు. చివర్లో దేవతా స్తోత్రాలకీ, మంచివాళ్ళ ప్రశస్తికీ రాజ్యంలో చోటిచ్చాడు కూడా. ఈ వాక్యం వదిలేసిన గైడు పుస్తకాలని నమ్మకండి.

అరిస్టాటిల్ ఎదుట ఉన్నది విషాద నాటకం, ముఖ్యంగా సోఫోక్లిస్ ఈడిపస్. జర్మన్ రచయిత లెస్సింగ్ 1766లో రాసినప్పుడు అతని ముందున్నది పాములు చుట్టుకున్న లావొకోవన్ విగ్రహం, అదీ అచ్చులో వచ్చిన బొమ్మలే. రోమ్ వెళ్ళి అసలు శిల్పం చూసి రాసింది కాదు. కళా చరిత్రకారుడు వింకెల్‌మన్ ఆ ముఖంలో మహోదాత్త నిగ్రహం చూశాడు. కావ్యంలో కేక పెట్టవచ్చు, రాతిలో తెరిచిన నోరు వికారమవుతుంది, అందుకే శిల్పి అణిచాడు అన్నాడు లెస్సింగ్. ఇంగ్లీషు విమర్శకుడు క్లైవ్ బెల్‌కి 1914లో సెజాన్ చిత్రాలు, పాడువాలో జొట్టో గోడచిత్రాలు. అమెరికన్ తత్వవేత్త డాంటోకి 1964లో న్యూయార్క్ స్టేబుల్ గ్యాలరీలో వార్హోల్ పెట్టిన బ్రిల్లో పెట్టెలు: ప్లైవుడ్ మీద సిల్క్‌స్క్రీన్ అచ్చు, కంటికి కిరాణా సరుకు అట్టపెట్టెల్లాగే ఉంటాయి.

చదివే వరస

మొదలుపెట్టాల్సింది హ్యూమ్‌తో, ప్లేటోతో కాదు. అభిరుచికి ప్రమాణం గురించి 1757లో అచ్చయిన ఆ వ్యాసం చిన్నది, పరిభాష లేదు, ప్రశ్న అందరికీ ఉన్నదే: నీకు నచ్చింది నీది, నాకు నచ్చింది నాది అయితే మంచి చెడ్డ ఎలా తేలుతుంది? తీర్పరికి అయిదు గుణాలు అడుగుతాడు: గట్టి బుద్ధి, సున్నితమైన గ్రహింపు, సాధన, పోలిక, పక్షపాతం లేకపోవడం. ద్రాక్షసారా రుచి చూసి ఒకడు తోలు వాసన, ఒకడు ఇనుము వాసన అంటే అందరూ నవ్వారు, పీపా ఖాళీ చేస్తే అడుగున తోలు తాడు కట్టిన తాళంచెవి దొరికింది. ఆ కథ అందులోదే.

తర్వాత కాంట్ 'క్రిటీక్ ఆఫ్ జడ్జ్‌మెంట్', 1790. మొత్తం పుస్తకం పెట్టుకోకండి. 1 నుంచి 5 సెక్షన్లు, ఆపైన 16, అంతే. రోజుకి ఒక్క సెక్షన్, గట్టిగా చదివి, పేరా అయ్యాక పుస్తకం మూసి తెలుగులో చెప్పుకోవాలి. నలుగురైదుగురు ఉంటే మేలు, ఒకరు తప్పు చెబితే రెండోవాళ్ళు పట్టుకుంటారు. ఆ తర్వాతే వెనక్కి ప్లేటోకి, అరిస్టాటిల్ 'పొయెటిక్స్' నాలుగో అధ్యాయానికి వెళ్ళండి. సౌందర్యశాస్త్రం మీద హెగెల్ ఉపన్యాసాల్లో పీఠిక చాలు. ఒక జాగ్రత్త: అది హెగెల్ స్వయంగా అచ్చువేసిన పుస్తకం కాదు. 1831లో ఆయన పోయాక శిష్యుడు హోథో నోట్సులు కూర్చి 1835–38లో తెచ్చాడు. ఒకే ఒక్క వాక్యం పట్టుకుని హెగెల్ ఇలా అన్నాడని పెద్ద వాదన కట్టకూడదు.

ప్లేటో, అరిస్టాటిల్, కాంట్ ముగ్గురికీ పాత ఇంగ్లీషు అనువాదాలు నెట్‌లో ఉచితం. ఒకరి చేతిలో ఒక అనువాదం, ఇంకొకరి ఫోనులో ఇంకోటి ఉంటే పేజీ నంబర్లు కలవవు, అరగంట అక్కడే పోతుంది. పేజీ అంచున ఉండే నంబర్లు వాడండి, అనువాదం మారినా అవి మారవు. ప్లేటోలో కావలసింది 595 నుంచి 608, అరిస్టాటిల్‌లో 1448బి, కాంట్‌కి సెక్షన్ నంబరు. అంచు నంబర్లు తీసేసిన ముద్రణ ఎంత చవకైనా కొనకండి.

ఇంకో పొరపాటు కాలాన్ని కలిపేయడం. చిత్రం, శిల్పం, సంగీతం, కవిత్వం, నృత్యం కలిపి లలితకళలని ఒక గుంపుగా కట్టి, వాటికి ఒకే సూత్రం వెతికినవాడు బత్తూ, 1746లో. సౌందర్యశాస్త్రానికి ఈనాటి పేరు పెట్టిన బౌమ్‌గార్టెన్ కూడా ఆ శతాబ్దం వాడే, 1735. ఆ గుంపుని ప్లేటో నోట్లో పెడితే ప్రతి పేరా వంకరగా అర్థమవుతుంది.

కోట ముందు కాంట్

రెండో సెక్షన్‌లో కాంట్ ఒక రాజభవనం చూపించి, ఇది అందంగా ఉందా అని అడుగుతాడు. ఇలాంటివి నోళ్ళు తెరుచుకుని చూడ్డానికే కట్టారనీ, జనం చెమటని రాజులు వృథా చేశారనీ, పారిస్‌లో నాకు నచ్చినవి వంట దుకాణాలే అనీ చెప్పవచ్చు. అవన్నీ నిజమే కావచ్చు, ప్రశ్న అది కాదంటాడు. పర్లాకిమిడిలో ఉన్నవాళ్ళకి ఈ పాఠం చదువుకోడానికి కోటే ఉంది. ఎదురుగా నిలబడి నోటికొచ్చిన పది వాక్యాలు రాయండి. ఎవరు కట్టించారు, ఎంత అయింది, ఇప్పుడెలా పాడవుతోంది, మా తాత ఇక్కడ పని చేశాడు, ఇవన్నీ కొట్టేయండి. మిగిలేవి ఒకటో రెండో, కిటికీల వరస గురించో గోడమీద నీడ గురించో. ఏమీ మిగలకపోయినా కంగారుపడక్కర్లేదు, మళ్ళీ చూడండి. కాంట్ మాట్లాడేది ఆ మిగిలినదాని గురించే.

16వ సెక్షన్‌కి బరంపురం పట్టుచీర తెచ్చుకోండి. అంచులో ఆకులల్లికకి ఏ అర్థమూ అక్కర్లేదు, అది స్వతంత్ర సౌందర్యం అంటాడు కాంట్. ఇల్లో గుడో మనిషో అయితే అది ఎలా ఉండాలన్న భావన ముందే ఉంటుంది, ఆ అందం ఆశ్రితం. మరి చీర అంచులో వరసగా లేచే ఫోడా కుంభం అనే గుడి గోపురాల నమూనా ఏ కోవలోకి వస్తుంది? గుడి ఆకారమని తెలిసి చూసేవాళ్ళకి ఒకలా, తెలియనివాళ్ళకి ఇంకోలా. ఇద్దరూ వాదించుకోనివ్వండి, తొందరగా తేల్చకండి.

నాలుగో గడి

ఇప్పుడు సిద్ధాంతాలన్నిటినీ ఒకే వస్తువు మీద పెట్టి చూడాలి. గుణుపురం, పుట్టాసింగి వైపు సవరల ఇళ్ళల్లోని ఇడితాల్ అనే గోడచిత్రం కంటే గట్టి పరీక్ష దొరకదు. ఎర్రమట్టి పూసిన గోడమీద బియ్యప్పిండి ముద్దతో, నమిలి కుంచె చేసిన పుల్లతో వేస్తారు. చుట్టూ చట్రం, లోపల వరసలుగా మనుషులు, ఏనుగులు, చెట్లు, ఈమధ్య సైకిళ్ళూ విమానాలూ కూడా. అది పితరులకో దేవతకో కట్టిచ్చిన ఇల్లు. ఇంటివాళ్ళ అనుమతి లేకుండా లోపలికి వెళ్ళకండి, పూజ జరుగుతుంటే ఫోను జేబులోనే ఉంచండి. అర్థాలు ఊహించకుండా అడగండి. పర్లాకిమిడిలో ఉండి సవర భాష నేర్చుకుని నిఘంటువు కట్టిన గిడుగు రామమూర్తి గారి దారి అదే కదా.

ముందు 20 నిమిషాలు సిద్ధాంతం లేకుండా కనిపించింది మాత్రమే రాయండి: ఎన్ని వరసలు, ఏ బొమ్మ ఎటు తిరిగి ఉంది, చట్రం ఎక్కడ తెగింది, గీత ఎక్కడ పలచబడింది. హ్యూమ్ చెప్పిన పోలిక కోసం కనీసం మూడు చూడాలి.

ఆ తర్వాత రూళ్ళ పుస్తకం తెరవండి. బెల్ సార్థక రూపం, అంటే గీతలూ రంగుల అమరికే కళ అన్న మాట, చక్కగా అతుకుతుంది, లయ ఉంది, అల్లిక ఉంది. కానీ బొమ్మ చూడ్డానికి జీవితం గురించి ఏమీ తెలియక్కర్లేదంటాడాయన. అప్పుడు ఆ ఇంట్లో కాపురముండే పితరుడు లెక్కలోంచి పోతాడు. నాలుగో గడిలో అది రాయండి. ప్లేటో మూడో మెట్టు ఇక్కడ పట్టు దొరక్క జారిపోతుంది, ఎందుకంటే ఇది ఇంటి బొమ్మ కాదు, ఇల్లే. వస్తువు ఉన్నా లేకపోయినా ఒకటే అనుకుని చూడమంటాడు కాంట్. ఆ కుటుంబానికి అది గోడమీద ఉండటమే ముఖ్యం. డాంటో కళాలోకం, అంటే వస్తువుని కళగా నిలబెట్టేది దాని చుట్టూ ఉన్న సిద్ధాంతం, కళా చరిత్ర అన్న మాట, మాత్రం ఇంకో చోట పనిచేస్తుంది: ఇదే అల్లిక కాన్వాసు మీదికి, ఎగ్జిబిషన్ స్టాల్‌లోకి వచ్చి, 2024లో లాంజియా సవర చిత్రకళగా జీఐ (భౌగోళిక సూచిక) గుర్తింపు పొందింది. ఆ కాన్వాసుని డాంటో బాగానే వివరిస్తాడు, గోడని వివరించలేడు. కాబట్టి కాన్వాసుకి ఒక పేజీ, గోడకి ఒక పేజీ వేరుగా పెట్టండి. రెండూ కలిపి రాస్తే ఏ సిద్ధాంతం ఎక్కడ తప్పిందో కనిపించదు.

ఇదంతా మన రస సిద్ధాంతంతో పోల్చాలని ఎవరో ఒకరు మొదటి రోజే అంటారు. పోల్చవచ్చు, నాలుగో గడులన్నీ నిండాక.