డ్రోన్ పక్కన పెట్టి మొదలుపెట్టండి

మాది అనంతపురం. పెళ్ళిళ్ళకు వీడియో తీయడం వృత్తి, లఘుచిత్రాలు తీయడం పిచ్చి. నా తొలి చిత్రంలో బీటలు వారిన చెరువును డ్రోన్‌తో మూడు నిమిషాల పాటు చూపించాను. పంపిన చోటల్లా తిరస్కరించారు. తప్పెక్కడుందో ఒక మంగోలియా దర్శకురాలి ప్రయాణం గురించి చదివాకే తెలిసింది.

ఆమె పేరు ల్ఖాగ్వదులం పురెవ్-ఒచిర్. మంగోలియా అంటే బయటివాళ్ళకు గుర్రాలు, గడ్డిమైదానాలు. మన జిల్లా అంటే కరువు, నేనూ అదే చూపించాను. ఆమె మాత్రం రాజధాని ఉలాన్‌బాతర్ నగరపు పిల్లల కథలు ఎంచుకుంది. 2020లో ఆమె లఘుచిత్రం 'మౌంటెన్ క్యాట్' ఫ్రాన్స్‌లోని కాన్ చిత్రోత్సవ పోటీకి వెళ్ళింది. 2022లో 'స్నో ఇన్ సెప్టెంబర్' ఇటలీలోని వెనిస్ చిత్రోత్సవంలో, కొత్త దారి తొక్కే చిత్రాలకిచ్చే ఒరిజొంటి విభాగంలో ఉత్తమ లఘుచిత్రంగా నిలిచింది. మరుసటి ఏడాదే అదే విభాగానికి తొలి పెద్ద చిత్రం 'సిటీ ఆఫ్ విండ్'తో వచ్చింది. అందులో నాయకుడు పదిహేడేళ్ళ బడిపిల్లవాడు. పూర్వీకుల ఆత్మ పూనితే పెద్దవాళ్ళకే మాట చెబుతాడు. జాతరల్లో పూనకాలు చూసి పెరిగిన మనకు ఇది విడమరిచి చెప్పాలా?

కాబట్టి రోజూ కళ్ళముందు జరిగే చిన్న పనిని పట్టుకోండి. నేను పక్కింటి అవ్వ విత్తనం కోసం వేరుసెనగ కాయలు ఒలవడం తీశాను. బొటనవేలికి పాతగుడ్డ చుట్టుకుని, కాయ కొనను నొక్కుతుంది. టప్పుమంటుంది. పప్పు బద్దలు కాకూడదు, పైపొర ఊడకూడదు. ఊడితే విత్తనానికి పనికిరాదు. మొదటిరోజు కెమెరా బయటికే తీయకండి. పక్కన కూర్చుని మీరూ ఒలవండి. రెండోరోజుకు అవ్వ మిమ్మల్ని మరిచిపోతుంది.

శబ్దం విషయంలో పిసినారితనం వద్దు. కెమెరా మైకును నమ్ముకుంటే మన గాలికి హోరు తప్ప ఏమీ మిగలదు. విడిగా ఒక రికార్డరు, దాని మైకుకు బొచ్చు తొడుగు అద్దెకు తెచ్చుకోండి. మైకును దగ్గర పెట్టి ఆ 'టప్పు'ను వేరుగా పట్టుకోండి.

నిడివి ముందే లెక్క వేసుకోండి. కాన్ లఘుచిత్రాల పోటీకి 15 నిమిషాలు, వెనిస్‌కు 20 మించకూడదు. చివర పడే పేర్లు కూడా అందులోనే. బావమరిది పేరు రెండుసార్లు వేయనక్కర్లేదు.

అన్నిటికంటే ముఖ్యం: యూట్యూబ్‌లో పెట్టకండి. అవ్వ చిత్రం పూర్తికాగానే నేను ఉబ్బితబ్బిబ్బై అదేరోజు రాత్రి పెట్టేశాను. ఎక్కడా ప్రదర్శించని చిత్రమే కావాలనే ఉత్సవాల తలుపులన్నీ అలా నేనే మూసుకున్నాను. ముందు ఉత్సవాలకు పంపండి, జవాబులు వచ్చేదాకా బంధువులకు ఇంట్లోనే చూపించండి.

ఇంగ్లీషు ఉపశీర్షికలు మన యాస తెలిసినవారితోనే రాయించండి. అవ్వ నన్ను చూసి "ఏమప్పా, తిన్నావా" అంటే, డబ్బులు తీసుకుని రాసినాయన నన్ను ఆమెకు తండ్రిని చేశాడు.