దసరా రద్దీకి ముందు: వర్డ్‌ప్రెస్ ప్లగిన్లు, థీములు రాసేవాళ్లకు జాగ్రత్తలు

నవరాత్రులు మొదలయ్యాయంటే ప్రొద్దుటూరు బంగారు అంగళ్లలో ఊపిరి తీసుకునే తీరిక ఉండదు. దసరా అయ్యాక ధనత్రయోదశి, దీపావళి, ఆ వెనకే పెళ్లిళ్లు. జమ్మలమడుగు, మైదుకూరు, బద్వేలు నుంచి వచ్చేవాళ్లు బస్సెక్కకముందే ఫోన్‌లో ఆ రోజు రేటు చూసుకుంటారు. అప్పుడు అంగడి వెబ్‌సైటు తెరుచుకోకపోయినా, తప్పు రేటు చూపించినా బేరం పోయేది యజమానికి, మాట పడేది కోడ్ రాసినవాళ్లకు. కడప జిల్లాలో ఇలాంటి అంగళ్లకు వర్డ్‌ప్రెస్‌లో (వెబ్‌సైట్లు కట్టే సాఫ్ట్‌వేర్) ప్లగిన్లు (అదనపు పనులు చేసే కోడ్), థీములు (సైటు రూపాన్ని ఇచ్చే కోడ్) రాసిపెట్టేవాళ్లు పండగకు కనీసం రెండు వారాల ముందే ఈ కింద చెప్పిన పరీక్షలన్నీ ముగించాలి. ఆ తర్వాత కొత్త ఫీచర్ జోలికి వెళ్లొద్దు. "ఈ ఒక్కటి చేసిపెట్టు అన్నా" అని యజమాని అడిగితే ఫొటో మార్చండి, బ్యానర్ మార్చండి. కోడ్ మాత్రం ముట్టుకోకండి.

అన్నిటికన్నా ముందు 'నేటి బంగారం రేటు' ప్లగిన్ చూడండి. ఒక ఫారం, రెండు మూడు అంకెలు, హోంపేజీలో ఒక పెట్టె, అంతే. కానీ సైటు మొత్తంలో డబ్బుతో నేరుగా ముడిపడింది అదే.

రేటు మార్చే హక్కు ఎవరికి ఉందో కోడ్ అడుగుతోందా? 'ఈజ్ అడ్మిన్' ఫంక్షన్ పేరు చూసి చాలామంది పొరబడతారు. వచ్చినవాడు అడ్మినా కాదా అన్నది అది చూడదు. తెరిచింది అడ్మిన్ వైపు పేజీయా కాదా అన్నది మాత్రమే చూస్తుంది. 'అడ్మిన్ ఇనిట్' హుక్ (మన కోడ్‌ను తగిలించే చోటు) కూడా అంతే, అడ్మిన్ అజాక్స్ ఫైలు (పేజీ మారకుండా వెనక నుంచి వచ్చే అభ్యర్థనలు అందుకునేది) ద్వారా వచ్చే అభ్యర్థనలకు, లాగిన్ కాకపోయినా సరే, అది నడుస్తుంది. ఈ రెండింటినే నమ్ముకుని రేటు సేవ్ చేసే కోడ్ రాస్తే ఊరూపేరూ తెలియనివాడు కూడా గ్రాము రేటు మార్చేయగలడు. 'కరెంట్ యూజర్ కెన్'తో హక్కు చూడండి, దాంతోపాటు నాన్స్ (ఫారంతో పాటు వచ్చే, గడువున్న రహస్య గుర్తు) కూడా చూడండి. ఒకటి ఉంది కదా అని రెండోది వదిలేయకూడదు. ఆ అభ్యర్థన మన ఫారం నుంచే వచ్చిందా అన్నది నాన్స్ చెబుతుంది. పంపినవాడికి హక్కు ఉందా లేదా అన్నది చెప్పదు. రేటు ఎక్కించే గుమాస్తాకు అడ్మిన్ లాగిన్ ఇచ్చేయడం పెద్ద ప్రమాదం. రేటు ఒక్కటే మార్చగలిగే ప్రత్యేక పాత్రను ప్లగిన్ యాక్టివేట్ అయ్యేటప్పుడే సృష్టించండి. నాన్స్ గడువు 24 గంటలకు మించదు. కౌంటర్ కంప్యూటర్‌లో నిన్నటి నుంచి తెరిచే ఉంచిన పేజీలో రేటు కొడితే లింక్ గడువు తీరిందని వస్తుంది. పేజీని రీఫ్రెష్ చేసి మళ్లీ కొట్టమని గుమాస్తాకు ముందే చెప్పి ఉంచండి.

ఇక అంకె సంగతి. మనవాళ్లు అలవాటుగా కామా పెట్టి 12,000 అని కొడతారు. పీహెచ్‌పీ (వర్డ్‌ప్రెస్ రాసిన భాష) దాన్ని నేరుగా ఫ్లోట్‌గా (దశాంశ సంఖ్యగా) మారిస్తే కామా దగ్గరే ఆగిపోతుంది, మిగిలేది 12. గ్రాము బంగారం పన్నెండు రూపాయలు! కామాలు, ఖాళీలు తీసేశాకే మార్చండి. నిన్నటి రేటుకు బాగా తేడా ఉంటే సేవ్ చేయకుండా "ఇది సరైనదేనా?" అని మళ్లీ అడిగించండి. ఈ చిన్న ప్రశ్న రాయడానికి పది నిమిషాలు చాలు. రద్దీలో గుమాస్తా ఒక సున్నా ఎక్కువ కొట్టినా అది కాపాడుతుంది.

తేదీ కూడా చూడండి. వర్డ్‌ప్రెస్ లోపల పీహెచ్‌పీ గడియారం యూటీసీలో (మనకన్నా అయిదున్నర గంటలు వెనక ఉండే ప్రపంచ ప్రామాణిక సమయం) నడుస్తుంది. మామూలు 'డేట్' ఫంక్షన్ వాడితే తెల్లవారుజామున అయిదున్నర దాకా నిన్నటి తేదీయే కనిపిస్తుంది. 2019లో 5.3 వెర్షన్‌తో వచ్చిన 'డబ్ల్యూపీ డేట్' వాడండి, సెట్టింగ్స్‌లో టైమ్‌జోన్ కోల్‌కతా అని ఉందో లేదో చూడండి. ఉదయం పది గంటలకు రేటు తనంతట తాను మారాలని షెడ్యూల్ పెట్టి ఉంటే ఇంకో చిక్కు ఉంది. వర్డ్‌ప్రెస్ క్రాన్ (చెప్పిన వేళకు పని నడిపేది) సైటుకు ఎవరైనా వచ్చినప్పుడే కదులుతుంది, పదకొండు దాకా ఎవరూ రాకపోతే రేటు కూడా పదకొండు దాకా మారదు. పేజీ క్యాష్ (దాచి ఉంచిన పేజీ నకలు) ముందుండి పాత పేజీనే అందిస్తుంటే కొన్నిసార్లు జనం వచ్చినా కదలదు. అందుకే హోస్టింగ్ ప్యానెల్‌లో సర్వర్ సొంత క్రాన్ పెట్టండి. రేటు సేవ్ అయిన వెంటనే పేజీ క్యాష్ ఖాళీ అవ్వాలి. "ఎక్కించినా మారలేదేంది?" అని ఫోన్ వస్తే ముందు అనుమానించాల్సింది క్యాష్‌నే.

రేటును బయటి సర్వీసు నుంచి తెచ్చుకునేవాళ్లు ప్రతి పేజీకీ దాన్ని పిలవకూడదు. 'డబ్ల్యూపీ రిమోట్ గెట్' మామూలుగా అయిదు సెకన్లు ఎదురుచూస్తుంది. అవతలి సర్వర్ మొరాయిస్తే మన సైటు తెరిచిన ప్రతివాడూ ఆ అయిదు సెకన్లూ కాచుకోవాల్సిందే. వచ్చిన రేటును ట్రాన్సియెంట్‌లో (గడువు తీరితే పోయే తాత్కాలిక నిల్వ) దాచుకోండి. చివరిసారి సరిగ్గా వచ్చిన రేటును, అది వచ్చిన సమయంతో సహా, విడిగా ఆప్షన్‌లో (గడువు లేని నిల్వ) ఉంచుకోండి. కొత్తది రాకపోతే దాన్నే సమయంతో చూపించండి.

ఫారాల్లో వచ్చే పేరు, ఫోన్ నంబరు, సందేశం ఏదైనా సరే, తీసుకునేటప్పుడు శుభ్రం చేయాలి, పేజీలో చూపించేటప్పుడు ఎస్కేప్ చేయాలి (కోడ్‌గా నడవకుండా మామూలు అక్షరాలుగా మార్చాలి), డేటాబేస్‌కు పంపేటప్పుడు 'ప్రిపేర్' (విలువలను సురక్షితంగా చేర్చే ఫంక్షన్) ద్వారానే పంపాలి. ఫంక్షన్లకు 'గెట్ రేట్' లాంటి పేర్లు పెట్టకండి. ఇంకో ప్లగిన్‌లో అదే పేరు ఉంటే సైటు మొత్తం ఆగిపోతుంది. అంగడి పేరులోంచి నాలుగైదు అక్షరాలు తీసుకుని ప్రతి పేరు ముందూ తగిలించండి, లేదా నేమ్‌స్పేస్ (పేర్లు కలవకుండా విడిగా ఉంచే పద్ధతి) వాడండి.

థీమ్ దగ్గరికొస్తే, రేటు పెట్టె కోడ్ థీమ్‌లో ఉండకూడదు. వచ్చే ఏడు యజమాని థీమ్ మారుస్తాడు, రేటు కూడా దాంతోనే పోతుంది. కొనుక్కొచ్చిన థీమ్‌లో మార్పులన్నీ చైల్డ్ థీమ్‌లోనే (అసలు థీమ్ మీద ఆధారపడే విడి థీమ్) చేయాలి, లేకుంటే ఒక్క అప్‌డేట్‌తో తుడిచిపెట్టుకుపోతాయి.

తెలుగు పేజీలకు ఇంకొంచెం శ్రద్ధ కావాలి. లైన్ ఎత్తు తక్కువ పెడితే ఒత్తులు కింద తెగిపోతాయి, గుడులు పైన తెగిపోతాయి. 'స్త్రీ', 'లక్ష్మీ', 'స్వర్ణాభరణాలు' అని పెద్ద అక్షరాల్లో పెట్టి, తక్కువ ధర ఫోన్‌లో చూడండి. వివరణను మామూలు 'సబ్‌స్ట్రింగ్'తో (బైట్ల లెక్కన కోసే ఫంక్షన్) కోస్తే అక్షరం మధ్యలో తెగి చివర చెత్త గుర్తు పడుతుంది. పేజీ చిరునామాదీ ఇదే గోల. వర్డ్‌ప్రెస్ దానికి 200 స్థానాలే ఇస్తుంది. తెలుగులో అక్షరమైనా గుణింతపు గుర్తైనా ఒక్కోటి తొమ్మిది స్థానాలు తింటుంది. 'లక్ష్మీ కాసులపేరు కొత్త మోడళ్లు' అని పేరు పెడితే చిరునామా 'కొత్త' దగ్గరే ఆగిపోతుంది. అదే మొదలుతో ఇంకో నగ వస్తే చివర 2 అంకె చేరుతుంది, ఏది ఏదో పోల్చుకోవడం కష్టం. చిరునామా ఇంగ్లిష్ అక్షరాల్లో పొట్టిగా మీరే ఇవ్వండి.

డబ్బులు పెట్టి కొనాల్సిన థీమ్‌ను 'నల్డ్' అని ఉచితంగా ఇచ్చే చోటు నుంచి తెచ్చి అంగడి సైటులో పెట్టకండి. ఈ విషయంలో మొహమాటపడొద్దు. ఫైళ్ల మధ్య దొంగదారి దాచి ఇవ్వడం అక్కడ మామూలే. బడ్జెట్ లేదంటే వర్డ్‌ప్రెస్ సొంత డైరెక్టరీలో ఉచిత థీములున్నాయి, వాటితో చేసిపెట్టండి.

పరీక్షలన్నీ స్టేజింగ్ సైటులోనే (పరీక్షలకు ఉంచుకునే సైటు నకలు) చేయండి. హోస్టింగ్‌లో ఉన్న పీహెచ్‌పీ వెర్షనే అక్కడా ఉండాలి, డీబగ్ (కోడ్‌లోని తప్పులు చూపించే సెట్టింగ్) ఆన్‌లో ఉండాలి. అసలు సైటులో మాత్రం డీబగ్ ఆపేయండి, పాత డీబగ్ లాగ్ ఫైలు ఉంటే తీసేయండి. అది చాలా హోస్టింగుల్లో చిరునామా తెలిసిన ఎవరికైనా తెరుచుకుంటుంది. కొత్త మార్పులు ఆపమన్నానని భద్రతా అప్‌డేట్లు ఆపకండి. 2013లో 3.7 వెర్షన్ నుంచి చిన్న విడుదలలు వాటంతట అవే ఎక్కుతున్నాయి, ఎక్కనివ్వండి.

ప్లగిన్ కూలితే 5.2 వెర్షన్ నుంచి వర్డ్‌ప్రెస్ అడ్మిన్ ఈమెయిల్‌కు రికవరీ లింక్ పంపుతుంది. ఆ ఈమెయిల్ ఎవరిదో ఇప్పుడే చూడండి. ఎప్పుడో మానేసిన డెవలపర్‌ది అయి ఉంటే మార్చండి, సైటు నుంచి మెయిల్ నిజంగా చేరుతోందో పరీక్షించండి. బ్యాకప్‌ను స్టేజింగ్‌లో ఒకసారి పూర్తిగా వెనక్కి ఎక్కించి చూడండి. డాష్‌బోర్డ్ కూడా తెరుచుకోకపోతే ఫైల్ మేనేజర్‌లో ఆ ప్లగిన్ ఫోల్డర్ పేరు మారిస్తే చాలు, ప్లగిన్ ఆగిపోయి సైటు లేస్తుంది. ఈ పని అంగట్లో ఒకరి చేత స్టేజింగ్‌లో చేయించి నేర్పండి. హోస్టింగ్ లాగిన్ యజమాని దగ్గర ఉందో లేదో అప్పుడే తేలుతుంది.