పాప, పావురం మాట్లాడుకునే టీవీ కథ రాయడం ఎలా?

ముందు జంతువును కథ జరిగే చోటే వెతుక్కోండి. సింహాలు, జింకలు అక్కర్లేదు. హైదరాబాద్ అపార్ట్‌మెంట్ కథకి పావురం చాలు, బాల్కనీ ఉన్నవాళ్లందరికీ దానితో ఏదో ఒక గొడవ ఉంటుంది.

తర్వాత అది ఎలా బతుకుతుందో చూసి రాసుకోండి, ఈ పని దయచేసి ఎగ్గొట్టొద్దు. మామూలుగా రెండు గుడ్లు పెడుతుంది, దాదాపు 18 రోజులు పొదుగుతుంది, పిల్లలు ఎగరడానికి ఇంకో నెల పడుతుంది. పగలు ఎక్కువగా మగ పావురం, రాత్రి ఆడ పావురం గుడ్ల మీద కూర్చుంటాయి. కథ ఇక్కడే దొరుకుతుంది: కూకట్‌పల్లిలో ఐదో అంతస్తు, ఎనిమిదేళ్ల పాప, ఏసీ అవుట్‌డోర్ యూనిట్ వెనక గుడ్లు, ఆదివారం బాల్కనీకి నెట్ కట్టడానికి మనిషి వస్తున్నాడు. విలన్ ఎందుకు ఇంక? నాన్న చెడ్డవాడేం కాదు, రెట్టలు కడిగి కడిగి విసిగిపోయాడు, పైగా ఇంట్లో నానమ్మకి ఆయాసం. ఇద్దరి మాటా న్యాయమే అనిపించే గొడవ పిల్లలకి బాగానే అర్థమవుతుంది.

పావురం మాట ఎవరికి వినిపిస్తుందో మొదటి నిమిషంలోనే తేల్చేయండి. పాపకి మాత్రమే అనుకుంటే చివరిదాకా అంతే, మిగతావాళ్లకి గుర్రు గుర్రుమనే కూతే.

ఇక డైలాగులు. పావురంతో నీతులు చెప్పించకండి, దాని ఒంటిలోంచే మాట రావాలి. కళ్లు తలకి చెరోపక్కన ఉంటాయి కదా, అందుకని ఇలా అనొచ్చు: “ఒక కంటితో నిన్ను చూస్తున్న, ఇంకో కంటితో మీ నాయనను చూస్తున్న. జల్ది చెప్పు, ఏం చేస్తడంట?” మన ఇళ్లలో ఇలాగే మాట్లాడతారు, పుస్తకాల తెలుగు వద్దు.

దారి మాత్రం పాపే కనిపెట్టాలి. పావురానికి మాటలు తప్ప ఏ మహిమలూ ఇవ్వకండి. పాప క్యాలెండర్ తెచ్చి, రోజులు లెక్కపెట్టి, “ఆ మూల వదిలేసి మిగతా బాల్కనీకి నెట్ కట్టిద్దాం నాన్నా, పిల్లలు ఎగిరిపోయాక అదీ కట్టిద్దాం” అని ఒప్పించాలి. నాన్న వెంటనే ఒప్పుకుంటే సీన్ తేలిపోతుంది, కనీసం రెండుసార్లు కాదనిపించండి.

టీవీ కార్టూన్ కథలు చాలా వాటికి దాదాపు 11 నిమిషాల నిడివి ఉంటుంది, పేజీకి ఒక నిమిషం చొప్పున 11 పేజీలు దాటనివ్వకండి. రాశాక మీ అపార్ట్‌మెంట్ పిల్లల్ని కూర్చోబెట్టి గట్టిగా చదవండి, వాళ్లు ఎక్కడ దిక్కులు చూస్తారో అక్కడ మొహమాటం లేకుండా కొట్టేయండి.