పర్మాంగనేట్ పలుకుతో కణాల పాఠం

తొమ్మిదో తరగతి పిల్లలు శాస్త్రవేత్త డాల్టన్ 1808లో అచ్చువేసిన పరమాణు సిద్ధాంతాన్ని గడగడా అప్పజెబుతారు. ‘కణం ఎంత చిన్నది?’ అని అడిగితే మాత్రం తెల్లముఖం వేస్తారు.

ఆ చిన్నతనం కళ్లకు కట్టించడానికి, నీళ్లలో ఊదారంగు తేలే పొటాషియం పర్మాంగనేట్ అనే రసాయనం కొద్దిగా తెచ్చుకోండి. భీమవరం, కైకలూరు వైపు చేపల చెరువుల మందులమ్మే దుకాణాల్లో దొరుకుతుంది. నాలుగు గాజు గ్లాసులు వరసగా పెట్టండి. మొదటిదాంట్లో పది చెంచాల నీళ్లు పోసి రెండు మూడు పలుకులు వేయండి. కలపకుండా కాసేపు చూడనివ్వండి. పలుకు నుంచి ఊదారంగు తీగలు సాగుతూ అడుగంతా పరుచుకుంటాయి. కణాలు వాటంతటవే కదులుతాయన్న అసలు పాఠం అక్కడే ఉంది, తొందరపడొద్దు. తర్వాత బాగా కలిపి, అందులోంచి ఒక చెంచా రెండో గ్లాసులో వేసి తొమ్మిది చెంచాల మంచినీళ్లు కలపండి. మూడు, నాలుగు గ్లాసులకూ అదే వరస. మూడోది లేత గులాబీ. నాలుగోదాన్ని తెల్ల కాగితం మీద పెట్టి, పైనుంచి చూడాలి. అందులో ఒక చెంచాకు వచ్చేది మొదట వేసినదాంట్లో పదివేలవ వంతు. అందులోనూ లెక్కకందనన్ని కణాలుంటాయని అప్పుడు చెబితే పిల్లలు నమ్ముతారు.

బోరు నీళ్లు, వరదరోజుల్లో కాలువ నీళ్లు వాడితే ఇది కుదరదు. నీటిలోని ఇనుము, కుళ్లిన ఆకుల మడ్డి పర్మాంగనేట్‌ను విరిచేసి గోధుమరంగు తెప్పిస్తాయి. క్యాన్ నీళ్లే వాడండి. పలుకులను చేత్తో ముట్టుకోకుండా చెంచా కొసతో తీయండి, మరక రోజుల తరబడి పోదు.