తిత్లీ కొవ్వొత్తులతో బొమ్మ వేయడం

2018 అక్టోబరులో తిత్లీ తుపాను వచ్చి వెళ్ళాక మా పలాస వైపు రోజుల తరబడి కరెంటు లేదు. అప్పుడు కొన్న కొవ్వొత్తులు రెండు ప్యాకెట్లు మిగిలిపోయాయి. ఆదివారం మా వరండాలో డ్రాయింగ్ నేర్చుకునే పిల్లలకు అవే ఇచ్చాను. "ఏటి మాస్టారూ, రంగుల్లేవా?" అంది ఓ గుంట. అందుకే, రంగులు దొరక్క కొవ్వొత్తితో బొమ్మలు వేసిన చిత్రకారుడు విక్టర్ బ్రౌనర్ కథ ఎత్తుకున్నాను.

పిల్లలకు ఇది నేర్పాలంటే మీరూ ఈ కథతోనే మొదలుపెట్టండి. బ్రౌనర్ 1903లో రొమేనియాలో పుట్టాడు. 1930లో పారిస్ చేరి, తర్వాత అక్కడి సర్రియలిస్టుల్లో, అంటే కలల్లాంటి వింత బొమ్మలు వేసేవాళ్ళలో, కలిశాడు. 1931లో తన ముఖాన్ని తనే వేసుకున్నాడు, ఒక కన్ను పీకేసినట్టు. ఏడేళ్ళకు, 1938 ఆగస్టులో, తోటి చిత్రకారులు ఇద్దరు గొడవపడుతుంటే మధ్యలోకి వెళ్ళాడు. వాళ్ళలో ఒకడైన ఆస్కార్ డొమింగెజ్ విసిరిన గ్లాసు తగిలి నిజంగానే ఎడమ కన్ను పోయింది. "ముందే తెలిసిపోయిందా మాస్టారూ?" అని పిల్లలు తప్పకుండా అడుగుతారు. కాకతాళీయం అంటే మాత్రం ఒప్పుకోరు.

జర్మన్లు ఫ్రాన్సును ఆక్రమించాక, యూదుడు కాబట్టి దక్షిణానికి పారిపోయాడు. మార్సెయ్‌లో అమెరికా వీసా కోసం చూసి చూసి, అది రాక ఆల్ప్స్ కొండల్లో తలదాచుకున్నాడు. అక్కడ రంగులు దొరక్క కొవ్వొత్తి పట్టాడు. యుద్ధం అయిపోయి పారిస్ తిరిగొచ్చాక కూడా మైనాన్ని వదల్లేదు. 1966లో అక్కడే చనిపోయాడు.

ఇక పని. ఇది ఆయన పద్ధతి అచ్చంగా కాదు, పిల్లలకు తగ్గట్టు మార్చుకున్నది. మందం డ్రాయింగ్ షీటు తీసుకోండి. నోటుబుక్కు కాగితం తడికి చిరుగుతుంది. తెల్ల కొవ్వొత్తిని వెలిగించకుండా రెండు ముక్కలు చేసి, విరిగిన అంచుతో గట్టిగా నొక్కి గీయాలి. తెల్ల కాగితం మీద తెల్ల గీత కనబడదు కదా, అక్కడే పిల్లలకు టెన్షన్. కాగితాన్ని కిటికీ వైపు ఏటవాలుగా పట్టుకుంటే గీసినచోట మెరుస్తుంది. తర్వాత ఇంకులో నీళ్ళు కలిపి వెడల్పు బ్రష్షుతో ఒక్కసారే పూయాలి. మైనం ఉన్నచోట ఇంకు నిలవదు, బొమ్మ తెల్లగా పైకొస్తుంది. మొన్న ఓ గుంటడు జీడిగింజ గీశానన్నాడు. ఇంకు పూశాక చూస్తే రొయ్య! వాడికి అదే నచ్చింది.

ఇంకో రకం ఉంది, నాకు ఇదే ఎక్కువ ఇష్టం. కాగితమంతా మైనం రుద్ది, నల్ల పోస్టర్ కలర్‌లో గిన్నెలు తోమే లిక్విడ్ ఒక చుక్క వేసి పూయండి. అది లేకపోతే రంగు పూసలు కట్టి జారిపోతుంది. బాగా ఆరాక పిన్నీసుతో గీరండి.

మైనం తీసేయాలంటే మొదటి రకానికే కుదురుతుంది. బొమ్మ మీద తెల్ల కాగితం వేసి గోరువెచ్చని ఇస్త్రీ పెట్టండి. నేను మొదటిసారి న్యూస్‌పేపర్ వేశాను, అక్షరాలు తిరగబడి బొమ్మకు అంటుకున్నాయి. మైనం ఉంచేస్తే మాత్రం ఎండాకాలం రేకుల కింద దాచకండి, మెత్తబడి పక్క కాగితాన్ని పట్టేస్తుంది.